పీతా, పనసాకు బుట్టా

తమ్ముడంటే కాంతానికి ప్రాణమే. కానీ ఓడలరేవులో కూర్చుని, అమలాపురంలో ఉన్న అక్కని మెడపట్టి బయటికి గెంటగలిగినవాడు ఈ లోకంలో బాబ్జీ ఒక్కడే. ఆమె వీడియో ఆటలో బంతిని గోలు దాకా తోలుకొచ్చి, ఇంక తన్నడమే తరువాయి అనుకునే సరికి టీవీ తెర నల్లబడుతుంది. ఈ ఖాతా మరోచోట వాడుకలో ఉందని తెల్లక్షరాలు వస్తాయి. అంటే అక్కడ క్యాంటీన్‌లో డ్యూటీ దిగి గదికొచ్చిన బాబ్జీ, కనీసం కాళ్ళయినా కడుక్కోకుండా ఆట తెరిచాడన్నమాట. ఖాతా అతనిది. ఆట అతను కొన్నది. ఇద్దరూ ఒకేసారి తెరిస్తే బయటికి పోవలసింది ఎప్పుడూ అక్కే.

ఈ రెండ్రోజులుగా మాత్రం గెంటలేదు. మస్కట్ ప్రయాణం హడావిడి కాబోలు అనుకుంటూ కాంతం ఇడ్లీపాత్ర మూత తీసింది. ఎడమచేత్తో. కుడిచెయ్యి పక్కనే ఉంది గానీ, పెళ్ళింట్లో వియ్యపురాలిలా అన్నీ చూస్తూ ఏ పనీ అందుకోకుండా ఉంది.

వీధి అరుగు మీద బల్లలు రెండు. కూర్చున్నవాళ్ళలో కామరాజుగారు రోజూ వచ్చే మనిషి. ప్లేటులో ఇడ్లీని వేలితో నొక్కి చూసి నిట్టూర్చారు.

"పొట్టిక్కలు మళ్ళీ ఎప్పుడండీ కాంతంగారూ? ఈ ప్లేటిడ్లీ తింటుంటే ఆసుపత్రిలో చేరినట్టుందండి."

"ఆయ్. అయితే రేపట్నించి పాలూ రొట్టే కూడా పెట్టించమంటారా అండీ?"

ఆయన నవ్వి ఇంకో రెండు వేయించుకున్నారు. కాంతం నవ్వలేదు.

నాలుగు పనసాకుల్ని ఒకదాని మీద ఒకటి మలిచి, ఈనెపుల్లలు గుచ్చి, అరచేతిలో పట్టే బుట్ట చెయ్యడం ఆమెకి అమ్మ నేర్పిన పని. ఆ బుట్టలో పిండి పోసి ఆవిరి మీద ఉడికిస్తే పొట్టిక్క. అమ్మ పోయేనాటికి బాబ్జీ ఇంకా చొక్కా గుండీలు తప్పుగా పెట్టుకునే వయసులో ఉన్నాడు. అప్పట్నించీ ఇల్లు నడిచింది ఈ అరుగు మీదే. వాడి ఫీజులు, వాడి టైఫాయిడు, వాడి క్రికెట్ బ్యాట్లు, అన్నీ ఈ బుట్టల్లోంచే వచ్చాయి. ఆర్టీసీ కండక్టర్ మురళీమోహన్ కూడా పొట్టిక్కలు తినడానికొచ్చి పెళ్ళికొడుకై, ఈ ఇంట్లోనే ఉండిపోయాడు. బుట్టలు కుట్టేటప్పుడు ఆమె చేతుల వంక చూసేది కాదు. వీధిలోకి చూస్తూ, చుట్టుపక్కల వాళ్ళ మంచిచెడ్డలు విచారిస్తూ కుట్టేది. ఊళ్ళో ఎవరింట్లో ఏం జరుగుతోందో తెలియకపోతే ఆ రోజు బుట్టలు తక్కువ కుట్టినట్టు లెక్క.

మొన్న వానాకాలంలో బోరింగు దగ్గర నాచు మీద జారి పడింది. మణికట్టు విరిగింది. కట్టు విప్పాక చూస్తే బొటనవేలూ చూపుడువేలూ ఒకదాన్నొకటి ఎరగనట్టు దూరదూరంగా ఉండిపోయాయి. ఫిజియోథెరపీ అమ్మాయి క్రిస్టీనా ఒక రబ్బరు బంతి ఇచ్చి, "రోజూ పిసకండి ఆంటీ, వేళ్ళు అవే వస్తాయి" అంది. కాంతం వారం పాటు పిసికింది. ఎనిమిదో రోజు బంతి మంచం కిందికి దొర్లిపోయింది. ఆమె వెతకలేదు.

కట్టు విప్పిన రోజే వచ్చాడు బాబ్జీ. అక్క చెయ్యి తన చేతుల్లోకి తీసుకుని, చాలాసేపు చూసి, "ఈ చెయ్యి ఇంక రాదక్కా. చేసింది చాలు. అరుగు ఎవరికైనా ఇచ్చేద్దాం" అన్నాడు. ప్రేమగానే అన్నాడు. అందుకే ఎదురుచెప్పడానికి వీల్లేకపోయింది. సెల్ పాయింట్ పెట్టుకుంటానని ఒకాయన అప్పటికే అడిగి ఉన్నాడు. ఇంట్లో సగం బాబ్జీది. ఇప్పుడు వాడికి మస్కట్‌లో క్యాంటీన్ పని దొరికింది. ఈ సాయంత్రమే బస్సు. ఎక్కేలోపు ఆ సెల్ పాయింట్ ఆయనకి మాట ఇవ్వాలి.

బజార్లో కుట్టిన బుట్టలు దొరుకుతాయి. కొనుక్కొచ్చి పిండి పోసుకోవచ్చు కదా అని మురళీమోహన్ ఒకసారి అన్నాడు. ఒకసారే అన్నాడు.

బంతి పోయిన కొన్నాళ్ళకి, బాబ్జీ కొత్తది కొనుక్కుని ఇక్కడ పడేసిపోయిన పాత వీడియో ఆట పెట్టెకి దుమ్ము దులుపుతుంటే దాని కంట్రోలర్ చేతికొచ్చింది. రెండు కొమ్ములు, నడుం మీద బొడిపెలు. అచ్చం పీతలా ఉంది. పట్టుకోగానే బొటనవేళ్ళు పైన, చూపుడువేళ్ళు వెనకాల, సరిగ్గా ఈనెపుల్ల గుచ్చేటప్పుడు ఉండే చోట కూర్చున్నాయి. కుడి చూపుడువేలు మాత్రం కూర్చోలేదు, వేలాడింది. కాంతం దానికేసి కోపంగా చూసి టీవీ పెట్టింది.

అందులో ఉన్నది ఫుట్‌బాల్. నియమాలేవీ ఆమెకి తెలియవు, అక్కర్లేదు కూడా. ఎవడు పరిగెడుతున్నా బంతి వాడికివ్వడమే ఆమె పద్ధతి. అవతలివాళ్ళకి కూడా ఇచ్చేది. గోలు దగ్గర ఏ పనీ లేకుండా నిలబడ్డవాడికి 'మా ఆయన' అని పేరు పెట్టింది. ప్రతి ఆటా ఓడిపోయేది. కానీ నొక్కగా నొక్కగా చూపుడువేలు ఒకరోజు బొడిపెను తాకింది. ఆ రాత్రి అన్నం కుడిచేత్తో కలుపుకుంది.

ఇంట్లో ఎవరో ఆడుతున్నారని బాబ్జీకి తెలిసిపోయింది. రోజూ మెసేజే. "బావగారూ, మళ్ళీ మీరేనా అండీ?"

"ఆయ్, నేనేనయ్యా" అనేవాడు మురళీమోహన్ ఫోన్లో. "ఒక్క అయిదు నిమిషాలే కూర్చున్నాను." బస్సులో వెనకాల ఖాళీగా ఉందండి, లోపలికి జరగండి అంటూ ఏళ్ళ తరబడి అబద్ధమాడినవాడికి ఇదొక లెక్కా?

"మీరెందుకండీ మోస్తారు ఆ నింద?" అందోసారి కాంతం.

"మరి నువ్వని చెప్పనా?"

"వద్దు. బుట్ట కుట్టేక చెప్తాను."

మధ్యాహ్నం గిన్నెలు తోమడం అయ్యాక కాంతం పీత పట్టుకుని కూర్చుంది. ఈ వేళ వేళ్ళు తేలిగ్గా ఉన్నాయి. బంతి నలుగురి కాళ్ళ మధ్యనుంచి దూరిపోయింది. అయిదోవాడు కాలెత్తాడు. తెర ఆగిపోయింది.

ఎప్పుడూ వచ్చే అక్షరాలు కావు. ఆట బొమ్మ మీద తాళంకప్ప వచ్చి కూర్చుంది. ఈ యంత్రానికి అనుమతి తొలగించడమైనది, అని ఉంది.

అదే సమయానికి మురళీమోహన్ ఫోను మోగింది. బాబ్జీ గొంతు రికార్డు చేసి పంపాడు. "బావగారూ, ఖాతా ఇన్ని పెట్టెల మీదే నడుస్తుందని ఒక లెక్కుందండి. అది నిండిపోయింది. నా గదిలోది మొన్న అమ్మేసినప్పుడు దాన్లోంచి తీయడం మర్చిపోయేను. కాట్రేనికోన ఫ్రెండుదొకటి ఉంది, మీదొకటి. విడివిడిగా తీయాలంటే ఆ పెట్టె దగ్గరికే వెళ్ళాలంట. అందుకని ఫోన్లోంచి అన్నీ ఒకేసారి పీకేసేను. మళ్ళీ ఆర్నెల్ల దాకా అలా కుదరదు. మస్కట్‌లో కొత్తది కొనుక్కుని, ఇంక మీ బాధ లేకుండా ఆడుకుంటాను. ఏమనుకోకండేం."

మురళీమోహన్ భార్య వంక చూశాడు. "చెప్పెయ్యనా వాడికి?"

కాంతం పీతని జాగ్రత్తగా టీవీ పక్కన పెట్టింది. "పెరట్లో పనసాకులు నాలుగు కొయ్యండి. లేతవి కాదు, ముదురువీ కాదు."

మొదటి ఆకు నిట్టనిలువునా చిరిగింది. రెండోసారి పుల్ల బొటనవేలి కింద గుచ్చుకుంది. ఆమె వీధిలోకి చూడలేదు, ఎవరి గురించీ విచారించలేదు. చెయ్యినే చూస్తూ, పళ్ళు బిగబట్టి, చూపుడువేలికి బొడిపె నొక్కమన్నట్టు చెప్పింది. నొక్కింది. పుల్ల దిగింది. తయారైన బుట్ట ఒక పక్కకి ఒరిగి, ఎవరో తన్నినట్టుంది. పిండి పోస్తే సగం కారిపోతుంది. దాన్ని పక్కన పెట్టి ఇంకా ఆకులు కావాలంది.

ఎండ వాలేవేళకి బాబ్జీ పెద్ద సంచీతో దిగాడు. కొత్త చొక్కా, కొత్త బూట్లు, ముఖంలో మాత్రం పాత బెంగ.

"బావగారూ, కోపంగా ఉన్నారా? పోనీ వెళ్ళేముందు ఒక ఆట ఆడదాం రండి. నా ఖాతా ఇక్కడే తెరుస్తాను." సంచీలోంచి తన సొంత కంట్రోలర్ తీసుకుని, టీవీ పక్కనున్నది బావగారికిచ్చాడు.

మురళీమోహన్ దాన్ని భక్తిగా అందుకున్నాడు. తిరగేసి పట్టుకున్నాడు.

బాబ్జీ నవ్వాడు. ఆట మొదలైంది. మురళీమోహన్ మనుషులు నించున్నచోట నించున్నట్టే ఉన్నారు. ఒకడు మాత్రం తన గోలు వైపే పరిగెత్తాడు.

బాబ్జీ నవ్వు ఆగిపోయింది. "ఇన్నాళ్ళూ ఆడింది మీరు కాదా అండీ?"

"నేను కండక్టర్నయ్యా. నాకు టికెట్టు కొట్టడమే తెలుసు. ఆడిందెవరో వంటింట్లో అడుగు."

వంటింటి గుమ్మం దాకా వెళ్ళి బాబ్జీ నిలబడిపోయాడు. కాంతం పీట మీద కూర్చుని ఉంది. ఎడమచేతిలో ఆకులు. కుడిచేతి బొటనవేలూ చూపుడువేలూ ఈనెపుల్లని మధ్యలో పట్టుకుని నెమ్మదిగా, ఊపిరి బిగబట్టినట్టు లోపలికి తోస్తున్నాయి. పొయ్యి మీద పాత్రలోంచి ఉడికిన పనసాకు వాసన వస్తోంది.

"ఏరా?" అంది తలెత్తకుండా. "ఇక్కణ్ణించి కూడా గెంటడానికొచ్చేవా?"

అతను కింద కూర్చున్నాడు. ఆమె మూత తీసి, బుట్టతోపాటే పొట్టిక్క అతని ముందు పెట్టింది. బాబ్జీ పుల్లలు ఒక్కొక్కటే లాగి, ఆకు విప్పి, తల వంచుకుని తిన్నాడు. ఆకుకి అంటుకున్నది కూడా గోటితో గీరి తిన్నాడు. ఇంకొకటి పెట్టింది. అదీ తిన్నాడు.

తర్వాత టీవీ ముందు కూర్చుని ఫోన్లోనూ పెట్టెలోనూ ఏవేవో నొక్కాడు. మధ్యలో అరుగు మీదికెళ్ళి ఎవరితోనో మాట్లాడి వచ్చాడు. ఏం మాట్లాడాడో చెప్పలేదు, కాంతం అడగలేదు. బాబ్జీ చిన్నప్పట్నించీ తప్పొప్పుకునే రకం కాదు. కుండ పగిలితే అడ్డమొచ్చిన కుండదే తప్పనేవాడు. టైమైంది. అక్క కాళ్ళకి దణ్ణం పెట్టాడు. ఆటోలోంచి చెయ్యూపాడు. మలుపు తిరిగింది. అంతే, వెళ్ళిపోయాడు.

కాంతం లోపలికొచ్చేసరికి టీవీ ఇంకా వెలుగుతోంది. తాళంకప్ప లేదు. ఈ ఖాతాకి ఇదే ప్రధాన యంత్రం అని ఉంది. సోఫా మీద బాబ్జీ సొంత కంట్రోలర్ ఉంది.

"మర్చిపోయేడే! ఆటో వెనకాల వెళ్ళనా?" అన్నాడు మురళీమోహన్.

"మర్చిపోలేదు లెండి" అంది కాంతం.

దీపాలు పెట్టేవేళ దాటింది. రేపటికి పిండి రుబ్బుతుంటే ఫోన్ మోగింది. బస్సు జొన్నాడ దగ్గర ఆగి ఉంది. వెనకాల హారన్లు, ఎవరో పిల్లాడి ఏడుపు.

"అక్కా! ఆ సెల్ పాయింట్ ఆయనకి అరుగు ఇవ్వం అని చెప్పేసేను."

"ఊఁ."

"ఇంకనుంచి ఆ పెట్టెదే మొదటి హక్కు. నెట్ లేకపోయినా నడుస్తుంది. నువ్వూ నేనూ ఒకేసారి తెరిస్తే బయటికి పొయ్యేది నేనే."

"పో మరి."

బాబ్జీ గొంతు తగ్గించాడు.

"చెయ్యి రాదన్నాను కదా. నాదే తప్పక్కా."

కాంతం కళ్ళు తుడుచుకుంది. కుడిచేత్తోనే. "బస్సు గోలలో వినపళ్ళేదురా. ఇంకోసారి చెప్పు."

"నాదే తప్పూ!" బాబ్జీ అరిచాడు. పిల్లాడి ఏడుపు టక్కున ఆగిపోయింది. పక్కసీటులోంచి ఎవరో పెద్దాయన గొంతు, "ఆయ్, మాకూ వినపడిందండి, మా ఊరిదాకా వినపడింది" అంది.

టీవీ పక్కన, ఒక పక్కకి ఒరిగిపోయిన ఆ మొదటి పనసాకు బుట్టలో, బొడిపెల మీద బాబ్జీ వేళ్ళ అరుగుదల ఇంకా నున్నగా మెరుస్తూ, అతను వదిలివెళ్ళిన పీత ఒక కొమ్ము లోపల, ఒక కొమ్ము బయట పెట్టుకుని కూర్చుని ఉంది.