జొన్న మోళ్ల చిగురు

చక్కెరే కదా, ఏ గ్లైకోసైడ్‌కైనా ఒక కొసన చక్కెర ఉండి తీరాల్సిందే, రెండో కొసన ఏది ముడిపడి ఉంటే దాన్నిబట్టి దాని గుణం, అని జెస్సికా ఆటో వెనక సీట్లో కూర్చుని పాఠం అప్పజెప్తున్నట్టు లోపల్లోపల అనుకుంటూనే ఉంది, ఇప్పుడెవరు అడిగారని, ప్రొద్దుటూరు దాటి రాజుపాలెం దారి పట్టినప్పటినుంచీ ఇదే వరస, ఆటో తోలే షాకీర్ అద్దంలో చూసి ఏంది మేడం అట్లుండావు, ఒంట్లో బాగలేదా, యాడన్నా ఆపేదా అన్నాడు, వద్దప్పా పోనీ అంది, ఒంట్లో బాగానే ఉంది, ముఖం చెల్లడం లేదు అంతే, ఈ ముఖం పెట్టుకుని సుబ్బమ్మ ఇంటి ముందు దిగాలి, దిగి ఏమనాలి, బర్రె చచ్చిపోయిందంట కదా అక్కా అని పరామర్శించాలా, పరామర్శించడానికి తనేమన్నా చుట్టమా, ఆ ఊరికి వ్యవసాయ సహాయకురాలు, ఏ పురుగుకు ఏ మందు, ఏ పైరుకు ఏ ఎరువు అని చెప్పడానికి జీతమిచ్చి పెట్టిన మనిషి, చెప్పింది కూడా, అదే కదా వచ్చిన చిక్కు, రైతుల మీటింగులో మైకు పట్టుకుని అందరి ముందూ చెప్పింది, చెప్పాక కూడా సుబ్బమ్మ నిన్న మధ్యాహ్నం బర్రెను తోలుకుపోయి జొన్న కోసిన చేలో కట్టేసింది, వాన పడ్డాక మోళ్లకు వేసిన చిగురును అది ఆబగా మేసింది, పొద్దుగూకకముందే నోట నురగ కక్కుతూ కాళ్లు తన్నుకుని పడిపోయింది, జమ్మలమడుగులో ఉన్న డాక్టరు సూది మందు తీసుకుని వచ్చేసరికి సూది వేయడానికి ప్రాణమే లేదు, సయనోజెనిక్ గ్లైకోసైడ్, ఎంత చక్కగా తిరిగింది నోరు ఆరోజు, ఒక్క అక్షరం తడబడలేదు.

ఆరోజు మీటింగులో షామియానా కింద జెస్సికా పక్క కుర్చీలో భార్గవి మేడం కూర్చుని ఉంది, పైఅధికారి, గోదావరి వైపు మనిషి, పులివెందులలో పనిచేసి ఈమధ్యే ఇటు మారి వచ్చింది, చెడ్డమనిషేం కాదు పాపం, శనగ విత్తనాలు యాడ దొరుకుతాయంటే అని జెస్సికా మైకులో మొదలుపెట్టగానే ఆ యాడ అన్న మాటకు మేడం పెదవి కొసన ఒక నవ్వు వచ్చింది, ఎగతాళి అని కూడా అనలేం, చిన్నపిల్ల మాటలు విని నవ్వుతామే అలాంటి నవ్వు, ఆ నవ్వుకే జెస్సికా చెవులు కాలిపోయాయి, వెంటనే సర్దుకుని ఎక్కడ దొరుకుతాయంటే అని మళ్లీ చెప్పింది, ఛీ, తన సీమవాళ్ల ముందు తన మాటను తనే దిద్దుకుంది, అప్పుడు వెనక వరసలోంచి సుబ్బమ్మ లేచింది, వెంకటసుబ్బమ్మ, జమ్మలమడుగులో మగ్గం మీద బతికిన మనిషి, మొగుడు పోయాక మగ్గం అమ్ముకుని ఈ ఊర్లో చెల్లెలి పంచన చేరింది, ఒక్క బర్రెను పెట్టుకుని దాని పాలు డెయిరీకి పోసి గుట్టుగా బతుకుతోంది, కొంగు నడుముకు దోపుకుని, పాపా, మేతకని జొన్న ఏసింటిమి, కోసినాక వాన పడె, మోళ్లకు మళ్లా పచ్చగా లేస్తాండాది, ఎండకు రవంత వాడింది గానీ శానా బాగుండాది, బర్రెను కట్టేసుకోవచ్చునా అని అడిగింది, ఊరంతా శనగ, పత్తి వేసేవాళ్లే, ఈయేడు జొన్న వేసింది ఆమె ఒక్కతే, జొన్న చిగురు సంగతి ఎరిగిన పెద్దవాళ్లెవరూ ఆరోజు అక్కడ లేరు, జెస్సికా ఒక్కతే ఉంది, ఒక్క మాట చాలు, నాము, అది నామక్కా, మేస్తే బర్రె చస్తాది, కట్టేయొద్దు, అంతే, మాట నాలుక చివరికి వచ్చింది కూడా, వచ్చిన మాటను మింగేసింది, మింగి, మేడం వైపు ఒకసారి చూసి, నీటి ఎద్దడికి లోనైన జొన్న పిలకల్లో సయనోజెనిక్ గ్లైకోసైడ్ల గాఢత అధికంగా ఉండే అవకాశం ఉన్నందున పశువులను మేపే విషయంలో తగు జాగ్రత్తలు పాటించవలసి ఉంటుంది అని రేడియోలో చదివినట్టు చెప్పింది, మేడం తలూపి వెరీ గుడ్ అంది, సుబ్బమ్మ కూడా తలూపింది, జాగ్రత్తంటే ఏమనుకుందో, పలుపు గట్టిగా కట్టమన్నారనుకుందో, పక్కవాళ్ల పత్తిలో పడకుండా చూసుకోమన్నారనుకుందో, సరే పాపా అని కూర్చుంది, ఆ సరే జెస్సికా చెవిన పడలేదు, వెరీ గుడ్ దగ్గరే ఉండిపోయింది మనసు.

ఆ ఇంగ్లీషు పేరు మీద కోపం రావడం లేదు, వస్తే బాగుండును, దాని తప్పేముంది, కోస్తాలో కాలేజీలో చేరిన కొత్తలో ఆ పాఠం విన్నరోజు ఒళ్లు పులకరించింది తనకు, ఆకులో ఉన్నంతసేపూ అది విషం కాదు, చక్కెరకు ముడిపడి కదలకుండా ఉంటుంది, పశువు పళ్ల కింద ఆకు నలిగాకే ముడి విడిపోయి సయనైడు పుడుతుంది, లేత చిగురులో ఎక్కువ, వాడిన చిగురులో ఇంకా ఎక్కువ, పైరు ఎదిగేకొద్దీ తగ్గిపోతుంది, ఎండబెట్టిన చొప్పలో భయం లేదు, వింటూ వింటూ తన ఊరు వీరపునాయునిపల్లెలో చేనిగట్టు మీద నిలబడి అమ్మ వేసిన కేక గుర్తొచ్చింది, ఏమే, యాడికి తోలుతాండావే మేకల్ని, నాము గదే అది, కండ్లు కనపడ్లేదా, అమ్మ రూతమ్మ కూలికి పోతూ తనను చదివించింది, అమ్మ కేకలోదీ ఈ లావుపాటి పుస్తకంలోదీ ఒకటేనా అని సంతోషం పట్టలేక లేచి నిలబడి, సార్, దీన్నే మా తట్టు నాము అంటారు సార్, మోళ్లకు చిగురు లేస్తాది కదా సార్ అంది, వెనక బెంచీవాళ్లు నవ్వారు, లేస్తాది అంట, నాము అంట, ఆ ఏడాదంతా హాస్టల్లో తన పేరు నామే, నాము వచ్చింది, నాము అన్నం తింటోంది, నాముకు ఉత్తరం వచ్చింది, అప్పటినుంచి ఆ మాటను ఎవరికీ కనపడకుండా దాచేసుకుంది, ఇంట్లో అమ్మతో కూడా అనడం మానేసింది, ఇంగ్లీషు పేరును మాత్రం అద్దం ముందు నిలబడి మళ్లీ మళ్లీ పలికి నోటికి పట్టించింది, ఎంత కష్టపడి నేర్చుకుందని, ఎవరి కోసమని.

పొద్దున అమ్మ ఫోన్ చేసింది, ప్రార్థన ముగించుకుని తీరిగ్గా కూర్చున్న గొంతు, ఏందే పాపా, మీ ఊర్లో ఎవురిదో బర్రె పోయిందంట, నాము తినిందంటనే, నువ్వు చెప్పలేదా అంది, చెప్పినా అమ్మా అంది జెస్సికా, నాము అనే చెప్పినావా, ఆ, చెప్పినా, అబద్ధం అంత తేలిగ్గా వచ్చింది, నామని చెప్పింటే కట్టేసిందా ఆయమ్మ, ఏం మనిషబ్బా అంది అమ్మ, అమ్మ నోట సుబ్బమ్మకు మాట పడింది, తన మూలాన, ఫోన్ పెట్టేసి ముఖం కడుక్కుంది, మళ్లీ కడుక్కుంది, అంతలో భార్గవి మేడం ఫోన్, జెస్సికా, నువ్వేం కంగారుపడకు, నువ్వు ముందే హెచ్చరించావు, నేను పక్కనే ఉన్నాను, విన్నాను, నేనూ బయల్దేరి వస్తున్నాను, ఎవరు అడిగినా అదే చెబుదాం, వాళ్లు వినిపించుకోకపోతే మనమేం చేస్తాం చెప్పు అంది, గుండె మీంచి బరువు దిగినట్టయింది, అవును, హెచ్చరించింది, అందులో అబద్ధం ఒక్క ముక్క లేదు, పరీక్షలో రాస్తే మార్కులు కూడా వేస్తారు, మనిషి పాడి పోగొట్టుకుని కూర్చుంటే తను ఊపిరి పీల్చుకుంది, హమ్మయ్య అనుకుంది, నిజంగానే అనుకుంది.

దిగు మేడం, ఇదే ఇల్లు అని షాకీర్ అన్నాడు, భార్గవి మేడం జీపు అప్పటికే వచ్చి ఉంది, నలుగురూ మూగి ఉన్నారు, బర్రెను తెల్లవారగానే ఊరి బయటికి లాక్కెళ్లి పూడ్చేశారంట, గుంజకు పలుపు వేలాడుతోంది, ఆ గుంజ దగ్గరే దూడ అటు తిరిగి ఇటు తిరిగి ఖాళీ చోటును వాసన చూస్తోంది, దాన్ని చూడకుండా ఉండాలని జెస్సికా గోడ వైపు చూసింది, గోడ మీద పాలక్యాను బోర్లించి ఉంది, ఎటు చూడాలో తెలియలేదు, సుబ్బమ్మ ఏడ్చి ఏడ్చి ఉబ్బిన కళ్లతో లేచి వస్తోంది, తిడుతుంది, తిడితే బాగుండు, నలుగురిలో నిలబెట్టి నీ సదువు తగలబడ అంటే తల వంచుకుని పడొచ్చు, రా పాపా, ఎండలో వచ్చినావు, కూచో అని సుబ్బమ్మ కొంగుతో పీట తుడిచి వేసింది, చెంబుతో నీళ్లు తెచ్చింది, టీ పెడదామంటే పాలు ల్యావు, నీళ్లే తాగు అంది, జెస్సికా చెంబు అందుకుని చేతిలోనే పట్టుకుంది, భార్గవి మేడం మెల్లగా, ఏమ్మా, ఆరోజు మీటింగులో ఈ అమ్మాయి మీకు చెప్పింది కదా అని అడిగింది, అయ్యో చెప్పనే చెప్పింది మేడం, పాపనేమీ అనొద్దండి, ఏందో దాని పేరు గూడా చెప్పింది, నా బుర్రకే ఎక్కలే, మగ్గం తప్ప ఇంగేం తెల్సు నాకు, నాము తినిందని ఇప్పుడంటాండారు అందరూ, నామంటే నాకు తెల్దా, మా అవ్వ చెప్తాండె, నాము జోలికి పోవద్దని, చూసి గుర్తుపట్టేదే తెలీలే, పాప చెప్పింది ఈ నాము గురించేనని నాకు తట్టలే, తప్పు నాదే అని సుబ్బమ్మ జెస్సికా చెయ్యి పట్టుకుంది, నువ్వేం బాధపడాకు పాపా.

చూశావా, ఆవిడే చెబుతోంది అన్నట్టు భార్గవి మేడం జెస్సికా వైపు చూసి ధైర్యమిస్తూ కళ్లార్పింది, ఇక అయిపోయింది, నోరు మూసుకుని ఆ నీళ్లు తాగి ఆటో ఎక్కితే చాలు, ఉద్యోగం ఉంటుంది, పేరు ఉంటుంది, అమ్మకు చెప్పిన అబద్ధం కూడా నిజమై కూర్చుంటుంది, సుబ్బమ్మ చెయ్యి గరుగ్గా ఉంది, పట్టుకున్న చెయ్యి వదలడం లేదు, ఓదారుస్తోంది తనను, ఎంత సిగ్గులేకుండా ఓదార్పించుకుంటోంది తను, కాలేజీలో నవ్వారని ఇన్నేళ్లూ దాచుకున్న సిగ్గు ఈ సిగ్గు ముందు ఏపాటిది, నాము అనే మాటకు సిగ్గుపడింది ఎవరి ముందు, ఆరోజు సుబ్బమ్మ లేచి నిలబడి అడిగినప్పుడు తను సుబ్బమ్మ ముఖం అసలు చూసిందా, గుర్తు తెచ్చుకోవాలని చూస్తే ముఖం రావడం లేదు, దోపుకున్న కొంగు గుర్తుంది, గొంతు గుర్తుంది, ముఖం లేదు, మేడం ముఖం మాత్రం ఉంది, నవ్వు, తలూపడం, వెరీ గుడ్, అన్నీ ఉన్నాయి, దూడ అరిచింది, జెస్సికా చెంబు కింద పెట్టింది, లేదక్కా, నేను చెప్పలేదు అంది, భార్గవి మేడం జెస్సికా అని పిలిచింది, జెస్సికా అటు తిరగలేదు, ఈసారి సుబ్బమ్మ ముఖంలోకే చూస్తూ, నాము అని నాకు తెల్సక్కా, నోటిదాకా వచ్చింది, సిగ్గుపడి అనలేదు, నువ్వు అడిగితే నేను మేడంకు చెప్పినా, నీకు చెప్పలేదు అంది.