అప్పలనరసమ్మ ఇంట్లో ఓడచెక్క

సముద్రంలో మునిగిన పాతకాలపు ఓడ నుంచి నాలుగడుగుల చెక్కలు మూడు పైకి తీశాం. తడి ఒక్కసారిగా ఆరితే పగిలిపోతాయని రెండింటిని మా మ్యూజియం తొట్టిలో నానబెట్టాం. మూడోది పట్టలేదు. చోడవరంలో చెరకు ఆడడం అయిపోయి, అప్పలనరసమ్మ గారు బెల్లం వండే పెద్ద పెనం ఖాళీగా ఉందన్నారు. 1956 వేసవిలో దాన్ని ఆ పెనంలో పెట్టి, నీళ్లు తగ్గితే పొయ్యమని చెప్పి వచ్చాను.

ఐదు నెలల తర్వాత వెళ్లి పెనంలో చెయ్యి పెడితే వేళ్లు జిగటగా అంటుకున్నాయి. ఆవిడ వారానికో బెల్లం దిమ్మ కలుపుతోందట!

“ఎంత పని చేశావమ్మా! చెక్క నాశనమైపోయింది!” అని అరిచాను.

ఆవిడ జంకలేదు. “ఇన్నేళ్లూ ఉప్పునీళ్లు తాగొచ్చింది బాబూ. మనింటికొచ్చినోళ్లకి బెల్లంముక్కెట్టకుండా ఒట్టి నీళ్లెలాగిత్తాం?”

తిట్టుకుంటూ తీసుకెళ్లాను. మూడింటినీ నీడలో ఆరబెట్టాం. మా రెండూ నిలువునా పగిలాయి. ఆవిడ చెక్కకు గీత కూడా పడలేదు; నీళ్లు ఆరిన చోటల్లా బెల్లం ఇంకి గట్టిగా పట్టి నిలబెట్టింది.

సిగ్గుపడి, ఆవిడను మ్యూజియానికి పిలుచుకొచ్చి చూపించాను. తన చెక్కను చూసి మురిసిపోయింది. పగిలిన రెండింటి దగ్గర మాత్రం ఆగి, వాటిని నిమిరి, నన్ను కసిరింది.

“ఈటిని కూడా మా ఇంటికే తేనేకపోయేవా బాబూ?”