ఎడమ వెనక చక్రం దగ్గర ఉద్యోగం

నేను ఒక మహాస్తంభాన్నని, ఒక కారు కారంతా నా నెత్తిమీదే నిలబడి ఉందని పద్నాలుగేళ్లు నమ్మాను. తీరా చూస్తే నేను ఒక షాకబ్జర్‌ని. అదీ వెనక ఎడమవైపుది. బరువు మోసేది నా పక్కనుండే స్ప్రింగు. చక్రం గుంటలో పడ్డప్పుడు ఆ స్ప్రింగు ఎగిరెగిరి పడుతుంటే, "ఇక చాల్లే, ఆగు" అని పట్టుకుని ఆపడమే నా పని. పొట్టలో కాస్త నూనె, అందులో పైకీ కిందికీ ఆడే ఒక కడ్డీ, అంతే నేను. ఈ సంగతి ఉద్యోగంలో చేరిన రోజే ఎవరైనా చెప్పి ఉంటే అంత పొగరు ఉండేది కాదేమో. చెప్పేవాళ్లు లేరు, నేనూ అడగలేదు.

పుట్టింది ఓ పెద్ద ఊరి శివార్లలోని ఫ్యాక్టరీలో. పుట్టీ పుట్టగానే నన్ను ఒక యంత్రానికి బిగించి పదిసార్లు నొక్కారు. పదిసార్లూ బుద్ధిగా లేచాను. నీలం చొక్కా వేసుకున్న ఒకాయన నా నడుముకు ఆకుపచ్చ స్టిక్కరు అంటించాడు. దానిమీద 'ఓకే' అని ఉంది. అది చూసుకుని నేను మురిసిన మురిపెం అంతా ఇంతా కాదు. ఆ తరవాత నన్ను ఓకే అన్న మనిషి ఈ భూమ్మీద లేడు లెండి. నాతోపాటు అదే రోజు పుట్టిన ఇంకొకణ్ణి కుడివైపు బిగించారు. మా మధ్య ఇరుసు అడ్డం. ఒకే బండికి చాకిరీ చేస్తూ పద్నాలుగేళ్లు మేమిద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు.

మొదటి యజమాని ఒంగోలులో పళ్ల డాక్టరు శేషావతారం గారు. కారు ఇంటికొచ్చిన రోజు టైర్ల కింద నిమ్మకాయలు పెట్టి తొక్కించారు, బానెట్‌కు బొట్టు పెట్టారు. నా దాకా ఎవరూ వంగలేదు. ఆయన స్పీడ్‌బ్రేకరు కనబడితే కారు ఆపి, దిగి, దాని ఎత్తు చూసొచ్చి, అప్పుడు దాటించే రకం. ఆరేళ్లు నాకు పనన్నదే లేదు. పని లేకపోవడాన్ని నేను నా పనితనం అనుకున్నాను.

తరవాత గుంటూరు మిర్చి వ్యాపారి వీరరాఘవులు చేతిలో పడ్డాను. ఆయన వెనక సీటు మడిచేసి రెండు నిండు మిరపకాయల గోతాలు కుక్కి, ఆ పైన చోటుంటే మనుషుల్ని కూడా కుక్కేవాడు. ఆయన మంచివాడే, నవ్వుతూ నవ్వుతూనే నా నడుం విరగ్గొట్టాడు. చిలకలూరిపేట ఇవతల ఒక స్పీడ్‌బ్రేకరు మీద ఒకనాడు నా లోపల ఏదో పుటుక్కుమంది. ఆ రోజు నుంచి నూనె బొట్టు బొట్టుగా కారడం మొదలైంది. కారిన నూనెకు దుమ్ము పట్టి ఒళ్లంతా నల్లగా తయారయ్యాను. స్టిక్కరు ఎప్పుడు ఊడిపోయిందో తెలియదు. ఎవరికైనా చెబుదామంటే నోరు లేదు. ఉన్నా చెప్పేవాణ్ణి కాదు, అంత సిగ్గు.

ఆ స్థితిలో నాలుగేళ్ల కిందట నన్ను చీరాల తెచ్చుకున్నవాడు కృపావరం. ఆయన బస్సు కండక్టరు. భార్య సువార్త ఇంట్లో కేకులు చేస్తుంది. మొదట చుట్టాలకూ ఇరుగుపొరుగుకూ పుట్టినరోజు కేకులు చేసేది. చెయ్యి తిరిగాక చర్చి పెళ్లిళ్లకు అంతస్తుల కేకుల దాకా వచ్చింది. స్కూటరు మీద అంతస్తుల కేకు వెళ్లదు కాబట్టి కారు కొన్నారు. వెనక సీటు మడిచి, చాప పరిచి, కేకును ఎడమవైపు, సరిగ్గా నా నెత్తిమీద పెట్టేవాళ్లు. విడివిడిగా తీసుకెళ్లి అక్కడ పేర్చుకోవచ్చుగా అని మీరనొచ్చు. ఒకసారి అట్లా చేసి చూసింది. ఆవిడ పేరుస్తుంటే పెళ్లికొచ్చినవాళ్లంతా చుట్టూ మూగి, తలా ఒక వేలు క్రీములో పెట్టి రుచి చూశారు. అప్పటినుంచి ఇంట్లోనే పేర్చి తీసుకెళుతుంది.

ఇక్కడ కృపావరం గురించి ఒక మాట చెప్పాలి. ఇరవై రెండేళ్లు కదిలే బస్సులో నిలబడి టికెట్లు కొట్టిన మనిషి. కమ్మీ పట్టుకోకుండా చిల్లర లెక్కపెట్టగలడు. అందుచేత ఆయనకు కుదుపు అన్నది తెలియదు. నేను పూర్తిగా చచ్చిపోయి, వెనక భాగం బంతిలా ఎగిరి పడుతున్నా ఆయన స్టీరింగు దగ్గర నిమ్మకు నీరెత్తినట్టు కూర్చునేవాడు. "ఎంత మెత్తగా పోతోందో చూశావా" అనేవాడు పైగా. సువార్త ముందు సీటు అంచు రెండు చేతులా పట్టుకుని కూర్చునేది.

పోయిన ఫిబ్రవరిలో వేటపాలెంలో పెళ్లి. చర్చిలో తెలిసిన సంపూర్ణమ్మ గారి పెద్దమ్మాయిది. మూడంతస్తుల తెల్లటి కేకు, అంచులంతా క్రీముతో మల్లెమొగ్గలు. సువార్త రెండు రోజులు నిద్ర మానుకుని చేసింది. రైలు గేటు దాటాక ఒక గుంట వచ్చింది. స్ప్రింగు ఎగిరింది. ఆపాల్సిన నేను ఆపలేదు. ఒకటి, రెండు, మూడు, నాలుగు ఊపులు. నాలుగో ఊపుకు పై అంతస్తు జారి, కిందవాటిని వెంటబెట్టుకుని డిక్కీ తలుపుకు కొట్టుకుంది. పెళ్లివారి ముందు డిక్కీ తీసేసరికి మల్లెమొగ్గలన్నీ చాప మీద ఉన్నాయి.

సువార్తకు తల కొట్టేసినట్టయింది. అప్పుడు కృపావరం, ఏదో ఒకటి అనాలి కాబట్టి, నలుగురూ వింటుండగా, "క్రీము పలచబడినట్టుంది" అన్నాడు. ఆవిడ ఇంటికొచ్చాక, "మీ డ్రైవింగు అట్లా ఏడిసింది" అంది. ఆ రెండు మాటల తరవాత ఆ ఇంట్లో ఆ కేకు ఊసు మళ్లీ రాలేదు. ఆవిడ అంతస్తులు మానేసి, గిన్నె ఎత్తుండే పుట్టినరోజు కేకులకు దిగిపోయింది. వాళ్లిద్దరూ ఒకరినొకరు దోషి చేసుకుంటుంటే అసలు దోషినైన నేను కింద చీకట్లో హాయిగా వేలాడుతూ ఉన్నాను. హాయిగా అని ఎందుకన్నానో నాకే తెలియదు. నిజానికి నా మీద నాకే అసహ్యం వేసేది.

ఐదు నెలలు గడిచాక ఒక ఆదివారం చర్చి అవగానే సంపూర్ణమ్మ గారే ఇంటికొచ్చింది.

"మా చిన్నదాని పెళ్లి వచ్చే శనివారం. మూడంతస్తుల కేకు కావాలమ్మా."

"అంతస్తులు మానేశానండీ," అంది సువార్త.

"ఆ రోజు పడిపోయిన కేకే మా పిల్లలు గిన్నెల్లో వేసుకుని తిన్నారు. రుచికి ఎవరూ వంక పెట్టలా. ఈసారి నిలబెట్టమ్మా, అంతే."

"సాయంత్రంలోగా చెప్తానండీ."

ఆవిడ వెళ్లాక సువార్త చాలాసేపు వరండాలో కారు వంకే చూస్తూ కూర్చుంది. ఈ ఒక్కటి నిలబడితే చేతి మీద నమ్మకం తిరిగొస్తుంది. ఇది కూడా పడిపోతే జన్మలో ఇంక క్రీము ముట్టుకోదు. ఆ సంగతి ఆవిడకూ తెలుసు, నాకూ తెలుసు. అప్పుడు ఆవిడ చేసిన పని ఏ మెకానిక్కూ చేసి ఉండడు. ఫ్రిజ్‌లోంచి స్టీలు పళ్లెంలో జెల్లీ తెచ్చి, డిక్కీలో కేకు పెట్టే చోట సరిగ్గా నా పైన పెట్టింది.

"ఏమండీ, ఈ మూల గట్టిగా నొక్కి వదలండి."

కృపావరం నొక్కి వదిలాడు. జెల్లీ ఊగింది. ఊగుతూనే ఉంది. ఆయనకు లెక్కపెట్టడం అలవాటు కదా, ఆరు దాకా పైకే లెక్కపెట్టి గొంతు తగ్గించాడు.

"నా ఇంట్లో రాత్రంతా ఫ్యాను కింద నిలబడిన కేకండీ అది. నా చేతులమీద కారు దాకా నడిచొచ్చింది, చెక్కు చెదరలా. బండి ఎక్కాకే పడింది," అంది సువార్త.

కృపావరం నేలమీద మోకాళ్లు ఆనించాడు. వంగి కారు కిందికి తొంగి చూశాడు. పద్నాలుగేళ్లలో నన్ను మొదటిసారి ఒక మనిషి కళ్లారా చూశాడు. నల్లగా, జిడ్డుగా, నూనె ఓడుతూ ఉన్నాను. పెళ్లిచూపులకు తయారు కాకుండా దొరికిపోయినట్టయింది నా పని. కుడివైపువాడు మాత్రం పొడిగా, శుభ్రంగా కనిపించాడట.

ఆ సాయంత్రం సువార్త ఫోను చేసి చేస్తానని చెప్పేసింది. కృపావరం మెకానిక్ దగ్గరికి పోనన్నాడు. తనే మారుస్తానని, అది తన బాధ్యతని పట్టుబట్టాడు. మర్నాడు స్పేరు పార్టుల షాపులో మస్తాన్ వలీ గారు, "జత కదా?" అని అడిగాడు.

"ఒక్కటే చాలు. రెండోది బాగానే ఉంది."

"జతే మారుస్తారండీ ఎవరైనా."

"టికెట్ లేనివాణ్ణే బస్సు దించుతాం వలీ గారూ. టికెట్ ఉన్నవాణ్ణి దించితే ఊరుకుంటాడా?"

వలీ గారు ఒక్కటే చుట్టి ఇచ్చాడు.

బుధవారం కృపావరానికి సెలవు. పొద్దున్నే ముందు చక్రాలకు రాళ్లు అడ్డం పెట్టి, జాకీతో వెనక లేపి, జాకీని నమ్మలేక దుంగలు కూడా పెట్టాడు. చక్రం ఊడదీశాడు. కింది బోల్టు తుప్పు పట్టి కదల్లేదు. కిరసనాయిలు పోసి, సుత్తితో తట్టి, కాసేపు బతిమాలి, కాసేపు తిట్టి, చివరికి కాలితో స్పానరు తన్నాడు. ఊడింది. పైన నా నట్టు డిక్కీ లోపలుంటుంది. అక్కడ సువార్త కూర్చుంది. క్రీము గిలక్కొట్టిన చేతులు కదా, బలమైనవి. కింద కృపావరం వెల్లకిలా పడుకుని, నట్టు ఊడగానే తన మొహం మీద పడకుండా నన్ను రెండు చేతులా పట్టుకున్నాడు. నా తల ఆవిడ చేతిలో, నా కాళ్లు ఆయన చేతిలో. ఇద్దరికీ ఒకరి మొహం ఒకరికి కనబడదు.

"సువార్తా."

"ఊఁ."

"ఆ రోజు క్రీము పలచబడిందన్నాను."

"అన్నారు."

"నలుగురిలో అన్నాను."

పైన స్పానరు ఆగిపోయింది.

"పలచబళ్లేదు. నీ చేతిలో ఏ లోపమూ లేదు. బండి చూసుకోవాల్సినవాణ్ణి నేను. చూసుకోలా."

ఆయన నన్ను పట్టుకుని ఉండడంతో లేచిపోవడానికి కూడా లేదు. చివరికి పైనుంచి మాట వచ్చింది.

"నేను మీ డ్రైవింగును అన్నాను."

"అది కొంత నిజమేలే."

"కొంత కాదు, చాలా. పట్టుకోండి, ఊడొస్తోంది."

నాకు ఏడుపొచ్చింది. కార్చడానికి నూనె మిగల్లేదు. ఐదు నెలలు వాళ్ల మధ్య అడ్డంగా ఉన్నది నేనే కదా అనుకుంటూ ఆయన గుండెలమీద పడ్డాను, చొక్కాకు నల్లటి మరక వేశాను.

కొత్తదాన్ని బిగించి కారు దించాక ఈసారి సువార్త రెండు పళ్లేలు తెచ్చింది, రెండువైపులా పెట్టింది. కృపావరం నొక్కి వదలగానే ఎడమవైపు జెల్లీ ఒక్క ఊపుతో ఆగింది. కుడివైపుది ఊగుతూ, ఊగుతూ, ఇంకా ఊగుతూనే ఉంది. పైకి ఇస్త్రీ చొక్కా వేసుకున్నట్టున్న ఆ పెద్దమనిషి లోపల నాకంటే డొల్ల. నేల మీద పడి ఉండి ఆ దృశ్యం చూస్తుంటే, ఒప్పుకోవడానికి సిగ్గుగా ఉంది గానీ, నాకు చాలా సంతోషం కలిగింది.

"మీ టికెట్ ఉన్నాయన," అంది సువార్త.

కృపావరం బుర్ర గోక్కుని స్కూటరు తీశాడు. అరగంటలో తిరిగొచ్చి చెప్పాడు: "నేను అడక్కముందే వలీ గారు రెండోది బల్లమీద పెట్టాడు. మొన్ననే తీసి పక్కన పెట్టాట్ట."

రెండోదీ మార్చారు. కింది బోల్టులు కారు దించాక, బరువు చక్రాలమీద పడ్డాక బిగించాలని ఫోను వీడియోలో ఎవరో చెప్పాట్ట, అట్లాగే బిగించాడు. మా ఇద్దరినీ గోడ పక్కన గోనెపట్టా మీద పడేశారు. మొదటిసారి ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. మాట్లాడుకోవడానికి ఏమీ తోచలేదు. ఉన్న ఒక్క పని ఇద్దరమూ చెడగొట్టినవాళ్లం కదా.

శనివారం పొద్దున కేకు బయటికొచ్చింది. మూడంతస్తులు. ఫిబ్రవరి నాటికంటే ఎత్తుగానే ఉంది. సువార్త ముందు సీట్లో కూర్చోలేదు, వెనక కేకు పక్కనే చాప మీద ఇరుక్కుని కూర్చుంది. కృపావరం ఇంజను స్టార్టు చేసి, వెనక్కి తిరిగి, "పోనివ్వనా?" అని అడిగాడు. పాతికేళ్ల కాపురంలో ఆయన బండి కదిలించే ముందు ఆవిణ్ణి అడగడం అదే మొదలు.

వాళ్లు వెళ్లిపోయారు. పద్నాలుగేళ్లలో ఆ కారు నన్ను వదిలి ఎక్కడికీ వెళ్లలేదు. గేటు దాటేటప్పుడు వెనక భాగం ఒకసారి కిందికి వంగి, ఒకసారి పైకి లేచి, ఆగింది. అంతే. ఎంత తేలిగ్గా చేశారో ఆ కొత్తవాళ్లు. తరవాత మధ్యాహ్నం దాకా నా ప్రాణం నాలో లేదు. రైలు గేటు దాటి ఉంటారు, గుంట వచ్చి ఉంటుంది అని లెక్కలు వేసుకుంటూ పడి ఉన్నాను.

రెండింటికి కారు వచ్చింది. సువార్త దిగింది. చేతిలో కేకు అట్ట ఖాళీగా ఉంది. ఫిబ్రవరిలోనూ ఖాళీగానే వచ్చింది కాబట్టి నాకేమీ అర్థం కాలేదు. ఆవిడ మొహం చూద్దామంటే కొంగుతో చెమట తుడుచుకుంటోంది. కృపావరం బండికి తాళం వేస్తున్నాడు. నాకు గుండె ఉంటే అప్పుడే ఆగిపోయేది.

ఇంతలో ఆవిడ ఫోను మోగింది. పెళ్లికొచ్చినవాళ్లెవరో సంపూర్ణమ్మ గారిని అడిగి నంబరు తీసుకున్నారట. సువార్త మెట్టు మీద కూర్చుని విన్నది.

"చేస్తానండీ," అంది. ఒక్క క్షణం ఆగి కృపావరం వంక చూసింది. ఆయన తల ఊపాడు. "ఎన్ని అంతస్తులు కావాలో చెప్పండి."

రేపు పాత ఇనప సామాన్ల బండి వస్తుందట, మమ్మల్ని ఇచ్చేస్తారట. ఇవ్వనీండి. ఆవిడ కేకుల విషయంలో నా సర్వీసంతటిలో నేను చేసిన మేలు ఒక్కటే ఉంది, శనివారం ఆ కారులో లేకపోవడం.