సగమైన చానల్

అంబులెన్సుల కంట్రోల్ రూమ్‌లో బ్యాండ్‌విడ్త్ అన్న మాటకు మనిషికో అర్థం. ఆపరేటరమ్మకు అది ఇంటర్నెట్ వేగం. కంప్యూటర్లో మ్యాప్ నత్తనడక నడిచినప్పుడల్లా దాన్నే తిట్టిపోస్తుంది. మేనేజరుకు అది మనుషుల తీరిక, "మీకు బ్యాండ్‌విడ్త్ ఉందా?" అన్నాడంటే నెత్తిన ఇంకో పని పడబోతోందనే. రేడియో మెకానిక్‌కు మాత్రం అది చానల్ వెడల్పు, గాలిలో గొంతు నడిచే దారి. అసలు అర్థం అదేనని, మిగతావాళ్లు ఆ మాటను పాడుచేశారని ఆయనకు లోలోపల గుర్రు.

ఆ దారిని సగానికి తగ్గించమని పైనుంచి ఉత్తర్వు వచ్చింది. నిన్న మెకానిక్ పన్నెండు బండ్ల రేడియో సెట్లూ వరసగా మార్చుకుంటూ పోయాడు. ఏడో బండి దగ్గర ఉండగా మేనేజర్ మీటింగుకు పిలిచాడు. వచ్చాక చేద్దాంలే అని రిజిస్టర్లో ముందే టిక్కు పెట్టేశాడు. తిరిగొచ్చేసరికి బండి కేసు మీద వెళ్లిపోయింది. ఆ తర్వాత ఎనిమిదోది, తొమ్మిదోది. ఏడోది బుర్రలోంచి జారిపోయింది.

ఈ ఉదయం కంట్రోల్ రూమ్ సెట్ కూడా కొత్త వెడల్పుకు మారింది. పదకొండింటికి, ఫోన్ సిగ్నల్ అందని కొండదారిలోంచి ఏడో బండి పిలిచింది. వచ్చింది మాట కాదు, తునకలు. ఆ బండిలో నర్సు మెకానిక్ భార్యే.

"మళ్లీ చెప్పండి," అంది ఆపరేటరమ్మ.

నర్సు ఇంకా గట్టిగా అరిచింది. మాట ఇంకా ముక్కలైంది.

పక్కనే ఉన్న మెకానిక్‌కు పైప్రాణాలు పైనే పోయాయి. పాత సెట్ పంపే గొంతు ఇరుకైన దారిలో పట్టడం లేదు. అరిచేకొద్దీ తెగిపోతుంది, మెల్లగా మాట్లాడితేనే పడుతుంది. కానీ ఆ సంగతి చెబితే తన టిక్కు అబద్ధమని అందరికీ తెలిసిపోతుంది.

"సిగ్నల్ బాలేదంటారా?" అని ఆపరేటరమ్మ ఆయన్ని అడిగింది. తలూపితే చాలు, గండం గడిచినట్టే. ఆయన భయపడ్డాడు, సిగ్గుపడ్డాడు, చివరికి మైకు లాక్కున్నాడు.

"అరవకు. మైకు దూరంగా పెట్టి మెల్లగా చెప్పు. ఇంట్లో పాప పడుకున్నాక మాట్లాడినట్టు."

"కడుపులో బిడ్డ అడ్డం తిరిగిందండీ. తల్లికి రక్తం ఆగట్లేదు. థియేటర్ సిద్ధం చేయించండి. ఇరవై నిమిషాల్లో వస్తాం."

ఆపరేటరమ్మ అప్పటికే ఆస్పత్రికి ఫోన్ కలిపింది. డాక్టరు ఉన్నాడట, రక్తం తెప్పిస్తున్నారట. మెకానిక్ ఆ కబురు చేరవేశాడు.

"అన్ని బండ్లవీ మార్చారన్నారే," అంది భార్య. "మాది మార్చలేదా?"

చానల్ మీద మిగతా బండ్లన్నీ వింటున్నాయి.

"లేదు. మార్చానని టిక్కు పెట్టాను. తప్పు నాదే."

ఆమె అరవలేదు, అరిస్తే వినపడదని ఇప్పుడు తెలుసు గనక. చాలా మెల్లగా, ఒక్క ముక్కా తెగకుండా అంది.

"రోజూ నేనెక్కే బండి కదండీ."