నూట ఐదు జీబీల గుర్రం

నేను ఒక పాత గేమ్ కన్సోల్‌ని. నాలో ఏది ఉండాలి, ఏది పోవాలి అన్న విషయం మీద ఏలూరులో ఒక ఫ్లాటు హాల్లో ముప్పావు గంట నుంచి వాదన నడుస్తోంది. మధ్యలో కాఫీలు కూడా అయ్యాయి.

“నాన్నా, నీ క్రికెట్ తీసేస్తే నలభై జీబీ వస్తుంది,” అన్నాడు కౌశిక్. ఇంజనీరింగ్ రెండో ఏడు చదువుతున్నాడు. కొత్తగా వచ్చిన ఫుట్‌బాల్ ఆట నాలోకి ఎక్కించాలని వాడి పట్టుదల.

“నా క్రికెట్ జోలికొస్తే చెవి మెలేస్తా. నీ తుపాకుల ఆట నెలనెలా ఉబ్బిపోతోంది, ముందు దాని సంగతి చూడు,” అన్నాడు తండ్రి శేషగిరి.

“అది ఉబ్బటం కాదు నాన్నా, అప్‌డేట్.”

“పేరేదైనా జాగా తినేది అదే కదరా.”

“అక్క డాన్స్ ఆట ఎవరికి కావాలసలు?”

“చెయ్యి వేసి చూడు తెలుస్తుంది,” అంది సింధూర, ఫోన్లోంచి తలెత్తకుండా.

కిటికీ పక్కన మంచం మీద పడుకున్న భ్రమరాంబగారు, అంటే శేషగిరి తల్లి, కళ్ళు మూసుకునే సలహా ఇచ్చారు. “అంత ఇరుగ్గా ఉంటే కొన్ని అటక మీద పెట్టుకోవచ్చుగా?”

“దీనికి అటక ఉండదు నానమ్మా.”

“అటక లేకుండా ఎలా కట్టార్రా!”

ఆవిడ అడిగింది న్యాయమైన ప్రశ్నే. నేను సముద్రాలకవతల ఒక ఫ్యాక్టరీలో పుట్టాను. అదే రోజు, అదే బెల్టు మీద, నాలాంటివి కొన్ని వేలు పుట్టాయి. డబ్బా మీద ఐదు వందల జీబీ అని గొప్పగా అచ్చు వేశారు. అందులో నేను బతకడానికే ఒక వాటా పోతుందని మాత్రం ఎక్కడా రాయలేదు. ఫ్లాట్లు అమ్మేవాళ్ళు గోడల్నీ మెట్లనీ కలిపి చదరపు అడుగులు చెబుతారు చూడండి, అలాగన్నమాట. పక్కన ఇంకో డిస్కు తగిలించుకునే దారి ఒకటి ఉండేది. నా మొదటి యజమాని ఫణి ఒకసారి వైరు తిరగేసి గుచ్చి దాన్ని వంచేశాడు. కాబట్టి ఉన్న ఇల్లు ఇంతే, పెరగదు.

ఫణి ఈ ఇంటి ఇల్లాలు హైమకి తమ్ముడు. హైదరాబాదులో ముగ్గురు బ్రహ్మచారులు ఉండే గదిలో, ఉతకని బట్టల మధ్య నేను మూడేళ్ళు ఉన్నాను. ఆ రోజులు బాగానే గడిచాయి. తరవాత అతనికి పెళ్ళయింది, నాకంటే కొత్తది ఇంకోటి వచ్చింది. “పిల్లలు ఆడుకుంటారక్కా,” అని నన్ను అట్టపెట్టెలో పెట్టి బస్సెక్కించాడు. ఇచ్చేవాళ్ళెప్పుడూ పిల్లల పేరే చెబుతారు. అలా వచ్చి ఈ టీవీ స్టాండులో, అద్దాల తలుపు వెనక ఇరుక్కున్నాను. దుమ్ము పడకూడదని అద్దం మూసే ఉంచుతారు. లోపల ఉడికిపోయి ఫ్యాను గట్టిగా తిప్పుకుంటే, “మళ్ళీ విమానం లేచింది,” అంటాడు శేషగిరి. అద్దం తెరుద్దామని మాత్రం ఎవరికీ తోచదు.

అడిగే ప్రశ్నలు పోగా, నాకు వచ్చిన మాట ఒక్కటే: ‘తగినంత ఖాళీ లేదు’. ఏం తెలిసినా, ఏం చూసినా, చెప్పడానికి ఆ ఒక్క వాక్యమే ఉంది.

ఆ సాయంత్రం వాదన చివరికి అందరికీ నచ్చిన చోట ఆగింది.

“మావయ్య గుర్రం ఆట ఉందిగా! నూట ఐదు జీబీ. దాన్ని ఎవరూ ఆడరు,” అన్నాడు కౌశిక్.

“తీసిపారెయ్,” అన్నాడు శేషగిరి.

“నాక్కూడా ఓకే,” అంది సింధూర.

హైమ వంటగది గుమ్మంలో కూర్చుని గోరుచిక్కుడు కాయలు తుంచుతోంది. “అది ఉండనియ్యండి,” అంది.

“ఎందుకమ్మా?”

“ఉంటే ఏం పోయింది?”

“జాగా పోయింది. దాని గురించేగా ఇందాకటి నుంచీ! ఒక్కసారి తీసేస్తే మళ్ళీ రాదంటావా? రాదు. కొన్నది మావయ్య ఖాతాలో, ఆయనకి ఆ పాస్‌వర్డే గుర్తు లేదు, ఆ ఫోన్ నంబరూ లేదు. అయినా ఎవరికి కావాలి చెప్పు?”

హైమ గిన్నె తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది.

“ఆదివారం దాకా చూస్తా. వేరే దారి లేకపోతే గుర్రం అవుట్,” అన్నాడు కౌశిక్.

ఎవరికి కావాలో నాకు తెలుసు.

రెండేళ్ళ క్రితం భ్రమరాంబగారు బాత్రూములో జారిపడ్డారు. తుంటి ఎముకకి ఆపరేషన్ అయింది. అప్పటి నుంచి ఇంట్లో ఎవరో ఒకరు ఉండాలి. ‘ఎవరో ఒకరు’ అని అందరూ అంటారు గాని, ఆ మాటకి అర్థం హైమ. వాచ్‌మన్ కూరగాయలు తెచ్చిపెడతాడు, మందులు శేషగిరి తెస్తాడు, పెళ్ళిళ్ళకీ పేరంటాలకీ సింధూర వెళ్ళొస్తుంది. హైమ అపార్టుమెంటు గేటు దాటడం ఎవరైనా ప్రత్యేకంగా అనుకుంటే తప్ప జరగదు. ఎవరూ ఆమెని వెళ్లొద్దని అనలేదు. అందుకే అడగడానికీ ఏమీ లేకపోయింది.

ఒక మధ్యాహ్నం నన్ను తుడుస్తూ ఆమె పొరపాటున మీట నొక్కింది. టీవీలో ఒక కొండ అంచున బూడిద రంగు గుర్రం ఒకటి నిలబడి ఊపిరి తీసుకుంటోంది. దాని పక్కటెముకలు పైకీ కిందికీ కదులుతున్నాయి. హైమ తుడిచే గుడ్డ చేతిలో పట్టుకునే సోఫాలో కూర్చుండిపోయింది.

ఆ ఆట కథ వేరు. అన్నని చంపిన ఏడుగురి మీద పగ తీర్చుకోవడానికి తమ్ముడు గుర్రమెక్కి బయలుదేరతాడు. ఏడు ఊళ్ళలో ఏడుగురు హంతకులు కాచుకుని ఉంటారు. హైమ ఒక్క ఊళ్ళోకీ అడుగుపెట్టలేదు. ఆ ఏడుగురూ రెండేళ్ళుగా తుపాకులు సిద్ధం చేసుకుని ఎదురుచూస్తూనే ఉన్నారు. ఆమె గుర్రానికి మేత పెట్టేది, వెన్ను దువ్వేది, ఎక్కి పోయేది. ఏటి వెంట, గడ్డి మైదానాల మీదుగా, మంచు పడే వైపుకి. అత్తగారు నిద్రపోతారని శబ్దం పూర్తిగా తగ్గించేది. వాన కురిసినా చప్పుడుండేది కాదు. మూడున్నరకి లేచి, అద్దం మూసి, టీ పెట్టేది. అలా ఐదు వందల గంటలు దాటాయి. ఆట మాత్రం రెండు శాతం పూర్తయిందని నేను లెక్క చూపిస్తాను. నా లెక్కలన్నీ అంతే.

ఆ వారం హైమ గుర్రమెక్కింది ఒక్క శుక్రవారం మాత్రమే. మిగతా రోజులు కళ్ళజోడు పెట్టుకుని నా లోపలి అరలన్నీ సర్దింది. ఫ్రిజ్‌నీ బీరువానీ ఇరవై ఏళ్ళుగా సర్దుతున్న చేతులు. కౌశిక్ వేలు రికార్డు మీటకి తగిలినప్పుడల్లా నేను అనవసరంగా దాచిన వీడియోలు తీసింది. ఫణి కాలంనాటి అరకొర ఆటలు రెండు తీసింది. మొత్తం ఖాళీ ముప్పై ఒక్క జీబీకి చేరింది. ఫుట్‌బాల్‌కి అరవై కావాలి.

అప్పుడు ఆమెకి ఒక అరలో చిన్న చిన్న ఫైళ్ళు పది కనిపించాయి. తన గుర్రం ఆటవే. ఏ రోజు ఎక్కడ ఆగిందో నేను గుర్తు పెట్టుకున్న పాత జాడలు. పైదొక్కటి ఉంచుకుని, కింది తొమ్మిదీ ఎంచుకుంది. చిన్నవైనా పోగేస్తే ఎంతో కొంత కలిసొస్తుందని ఆమె ఆలోచన. బీరువాలోనైతే అది నిజమే. అవి తొమ్మిదీ కలిసినా నాకు ఆవగింజంత కాదు. ఆ సంగతి చెప్పాలని నేను పడ్డ గింజులాట దేవుడికే తెలియాలి. ‘తొలగించాలా?’ అని అడిగాను. అడగడం వరకే నా పని. ఆమె ఔనంది.

ఆదివారం ఉదయం కౌశిక్ అద్దం తలుపు తెరిచి, జాబితా తీసి, గుర్రం మీద ఆగాడు. ప్రతి ఆట కిందా ఎప్పుడు ఆడారో నేను రాసి పెడతాను.

“చివరిసారి, శుక్రవారం మధ్యాహ్నం రెండూ పన్నెండు,” అని చదివాడు. “శుక్రవారమా? నేను కాలేజీలో ఉన్నా.”

“నేనూ కాలేజీలోనే,” అంది సింధూర.

“నేను ఆఫీసులో ఉన్నాను,” అన్నాడు శేషగిరి.

ముగ్గురూ మంచం వైపు తిరిగారు.

“నన్ను చూస్తారేంట్రా? తుంటి విరిగినదాన్ని, నేనా గుర్రమెక్కేది?” అన్నారు భ్రమరాంబగారు. దుప్పటి సర్దుకుంటూ, “హైమ ఆడుతుంది. ఎప్పట్నుంచో,” అన్నారు.

వంటగదిలోంచి హైమ వచ్చింది. “అత్తయ్యగారూ, మీరు ఆ టైముకి పడుకుంటారు కదా!”

“మధ్యాహ్నం నాకు నిద్దరెక్కడిది? కళ్ళు తెరిస్తే నువ్వు లేచి మంచినీళ్ళంటావ్, మందులంటావ్. గుర్రం ఆగిపోతుంది. అందుకని కదలకుండా పడుకుంటా. బావుంటుందది, ఏట్లో దిగినప్పుడు.”

తరవాత ఇల్లంతా నవ్వులు. నిజంగా సంతోషమే. ఎగతాళి కాదు.

“అమ్మా, నువ్వా! నీకు కంట్రోలర్ పట్టుకోవడం వచ్చా?”

“మా హైమ గుర్రం తోలుతోందంటే ఆఫీసులో ఎవరు నమ్ముతారు!”

“ఒక్క నిమిషం ఆగమ్మా, వీడియో తీస్తా, మావయ్యకి పంపాలి.”

కౌశిక్ అప్పటికప్పుడు తన తుపాకుల ఆట తొలగించేశాడు. “నీ గుర్రం ఎక్కడికీ పోదమ్మా, నాది హామీ,” అన్నాడు. మంచి పిల్లవాడు. అందరూ సోఫాలో ఇరుక్కుని కూర్చుని, మధ్యలో హైమని కూర్చోబెట్టి, చేతికి కంట్రోలర్ ఇచ్చారు. టీవీ శబ్దం పెంచారు. గుర్రం డెక్కల చప్పుడు మొదటిసారి వినిపించి ఆమె ఉలిక్కిపడింది.

“ఎడమకి తిప్పు హైమా, ఎడమకి.”

“ఇంత నెమ్మదిగానా? దౌడు తీయించు!”

“ఐదొందల గంటలాడి రెండు శాతమా! అమ్మా, అదిగో ఊరు, వెళ్ళి ఒకణ్ణి వేసెయ్.”

ఆమె అరచేతుల చెమట నాకు తెలుస్తోంది. కొండ అంచు దాకా తీసుకెళ్ళి ఆపింది. అక్కడ ఆగడం ఆమెకి అలవాటు. ఈవేళ ఎవరూ ఆగనివ్వలేదు.

“పొయ్యి మీద పప్పుంది,” అని లేచింది.

“ఇలా ఇవ్వమ్మా, కాస్త ముందుకి తీసుకెళ్ళి పెడతా,” అని కౌశిక్ అందుకున్నాడు.

అయిదు నిమిషాలు పట్టింది. మొదటి ఊళ్ళోకి దూకించాడు. జీనుకి తగిలించి ఉన్న తుపాకీ తీశాడు. మొదటి హంతకుడు చచ్చాడు. శేషగిరి చప్పట్లు కొట్టాడు. మిద్దె మీద నుంచి ఎవడో కాల్చిన గుండు గుర్రం మెడకి తగిలింది. అది ముందు కాళ్ళ మీద కూలి, పక్కకి ఒరిగింది. తెర మూల చిన్న చక్రం తిరిగింది. ఏది జరిగితే అది నేను భద్రపరచాలి, అడగకుండా. నన్ను అలాగే తయారుచేశారు.

గరిటెతో హైమ బయటికి వచ్చింది. “గుర్రమేది?”

“ఏం పర్లేదమ్మా, పాత సేవ్‌లోకి వెళ్దాం,” అంటూ కౌశిక్ ఆ అర తెరిచాడు. ఒక్కటే ఉంది, గుర్రం పడ్డాక నేను తిరగరాసినది. “పాతవేవి? పదుండాలే!”

“నేనే తీశాను. ఖాళీ వస్తుందని.”

“అమ్మా... అవన్నీ కలిపినా ఒక్క ఫోటో అంత ఉండవు.”

“నాకు తెలీదు.”

“ఇంకో గుర్రం దొరుకుతుందమ్మా, ఇంతకంటే స్పీడుది,” అన్నాడు. అంటూనే కంట్రోలర్ కింద పెట్టేశాడు. సింధూర ఫోను దించింది. భ్రమరాంబగారు గోడ వైపు తిరిగి పడుకున్నారు. హైమ కొంచెంసేపు తెర వైపు చూసి, పప్పు మాడుతున్న వాసన వస్తే లోపలికి వెళ్ళింది.

ఐదు వందల గంటలు ఆమె నాతో ఉంది. ఈ ఇంట్లో నన్ను వాడుకుంటూ ఒక్కసారైనా అరవని మనిషి ఆమె ఒక్కతే. పడిపోయిన గుర్రాన్ని లేపగలిగే మీట నాలో ఏ మూలా లేదు. ఎవరో అద్దం తలుపు వేసేశారు. లోపల నేను వేడెక్కుతూ ఉన్నాను.

మధ్యాహ్నం భోజనాలకి అందరూ హాల్లోనే కూర్చున్నారు. భ్రమరాంబగారికి మంచం దగ్గరే హైమ కంచం పెట్టింది. అందరికీ వడ్డించి, తనూ వడ్డించుకుని, రెండు ముద్దలు తిన్న తరవాత హైమ నోరు విప్పింది. గొంతు పెంచలేదు.

“ఆ ఆట తీసెయ్ కౌశిక్. నీది మళ్ళీ పెట్టుకో.”

“అమ్మా, సారీ అమ్మా. నిజంగా...”

“నీ మీద కోపం లేదు నాన్నా. తిను.” చెయ్యి కంచంలోనే ఆపింది. “రేపటి నుంచి సాయంత్రం అయిదున్నరకి నేను బయటికి వెళ్తాను. ఏడున్నరకి వస్తాను. ఆ రెండు గంటలూ అత్తయ్యగారి దగ్గర ఎవరుంటారో మీ ముగ్గురూ మాట్లాడుకోండి.”

శేషగిరి తల్లి వైపు చూశాడు. ఆవిడ తలొంచుకుని పప్పన్నం కలుపుకుంటున్నారు.

“రోజూనా?” అన్నాడు.

“రోజూ.”

“పోనీ, నేనూ తోడు రానా?”

“వద్దండి.”

“ఇంతకీ ఎక్కడికి?”

“ఇంకా అనుకోలేదు,” అంది హైమ, చారు గిన్నె ఆయన వైపు జరుపుతూ.