ఐసుబాబాయ్ వంట

పెట్టెలోంచి ఒక కవరు తీసి ట్యూబులైటుకి ఎదురుగా పట్టుకుని చూశాడతను. లోపల చికెన్ బ్రెస్టు ముక్కలు రాళ్లలా గట్టిగానే ఉన్నాయి. కవరు అడుగున ఒక మూల మాత్రం గులాబిరంగు మంచు పేరుకుని ఉంది. దారిలో ఎక్కడో సరుకు కరిగి, నీరు కిందికి జారి, మళ్లీ గడ్డకట్టిందన్నమాట.

"వెనక్కి తీసుకుపో," అన్నాడు.

"రాయిలా ఉంది కదా బాబాయ్! విసిరితే తల పగులుతుంది. ఇంకేం కావాలి నీకు?" అన్నాడు లారీ డ్రైవరు.

"ఒకసారి కరిగింది. కరిగిన సరుకు నేను లోపలికి రానివ్వను."

డ్రైవరు నెత్తి కొట్టుకుని లారీ తలుపులు వేసుకున్నాడు. ఇక్కడ బతిమాలి లాభం లేదని ఆ దారిన వచ్చే డ్రైవర్లందరికీ తెలుసు.

ఆ కోల్డ్ స్టోరేజీలో అతన్ని అందరూ ఐసుబాబాయ్ అంటారు. మీసాలు రాని వయసులో పెట్టెలు మొయ్యడానికి చేరి, మీసాలు నెరిసేదాకా ఆ చలిలోనే ఉండిపోయాడు. అవి నెరిశాయో, మంచు పట్టిందో తెలియదని తోటివాళ్ల వేళాకోళం. దళసరి కోటులో మెడ లోపలికి లాక్కుని నడిచీ నడిచీ, కోటు విప్పేశాక కూడా అలాగే నడుస్తాడు. ఎడమచేతి వేళ్లు రెండింటికి స్పర్శ పోయి చాలాకాలమైంది. వాటి సంగతి అడిగితే, "నాకంటే ముందే రిటైరయ్యాయి," అంటాడు. పెద్ద ఉద్యోగం ఎవరూ ఇవ్వలేదు, అతను అడగనూ లేదు. తను తలుపు దగ్గర ఉన్నంతకాలం పాడైన ముక్క ఎవరింటికీ వెళ్లలేదన్నది ఒక్కటే అతని గొప్ప. అది కూడా పైకి చెప్పుకునేవాడు కాదు.

ఇవాళ అతను మధ్యాహ్నం భోజనం తెచ్చుకోలేదు. అక్క వండలేదు.

"సాయంత్రం నువ్వు వండాలి, నేను తినాలి. అప్పుడే ఈ గడప దాటుతా," అని పొద్దున్నే తేల్చి చెప్పేసింది.

అమ్మ పోయేనాటికి అతనికి చొక్కా గుండీలు పెట్టుకోవడం కూడా రాదు. అక్కే పెట్టేది. ఆ తర్వాత బట్టల ఫ్యాక్టరీలో గుండీలు కుట్టే పనికి చేరి అతన్ని పెంచింది. ఎవరైనా పెళ్లి మాటెత్తితే, "వీడికి అన్నం ఎవరు పెడతారు?" అనేది. వీడు పెరిగి, ఉద్యోగం తెచ్చుకుని, తల నెరిశాక కూడా అదే మాట. అతనూ పెళ్లి ఊసెత్తలేదు. వేళకి కంచంలో అన్నం పడుతుంటే మనిషికి చాలా సంగతులు గుర్తురావు.

చివరికి ఆ ఫ్యాక్టరీలోనే పనిచేసే కటింగ్ మాస్టరు, భార్య పోయి ఒంటరిగా ఉంటున్నవాడు, ధైర్యం చేసి అడిగాడు. అక్క యాభై దాటాక కొత్తగా సిగ్గుపడడం నేర్చుకుంది. రిజిస్ట్రారు దగ్గర సంతకాలు కూడా అయ్యాయి. కాపురానికి మాత్రం కదల్లేదు. ఈ వారం, పైవారం అంటూ నెట్టుకొచ్చింది. మాస్టరు ఈలోగా వేరే ఊళ్లో చిన్న దుకాణం తెరిచాడు. "ఇవాళ సాయంత్రం వస్తాను. ఇవాళ కూడా కుదరదంటే ఇక నిన్ను ఇబ్బంది పెట్టను," అని నిన్న ఫోనులో చాలా మర్యాదగా అన్నాడట. ఆ మర్యాదకే అక్క భయపడింది.

అందుకే మంట లేకుండా వేడిగాలితో వండే ఎయిర్ ఫ్రయ్యర్ కొనుక్కొచ్చింది. "గ్యాసు పొయ్యి దగ్గర నిన్ను నమ్మను. దీంతో అయితే పస్తుంటావేమో గానీ ఇల్లు తగలబెట్టవు," అంది.

అతను ఇంటికి చేరేసరికి వంటింటి గట్టు మీద ఆ నల్లటి యంత్రం బోర్లించిన బకెట్టులా కూర్చుని ఉంది. పక్కగదిలో అక్క సూట్‌కేసు మంచం మీద ఉంది.

"చికెన్ ముక్కలు బయటపెట్టి కరగనివ్వమన్నానుగా? ఇంకా ఫ్రీజర్లోనే ఉన్నాయేంట్రా?"

"కరిగితే పాడైపోతాయక్కా."

"ఒక్క పూటకి పాడవుతాయా? ఊళ్లోవాళ్లంతా కరిగించే వండుకుంటారు!"

"నా చేత్తో కరగనివ్వలేను. నన్నొదిలెయ్."

మొండివాడు రాజుకన్నా బలవంతుడు. అక్క చేతులెత్తేసింది. ఆకలికి కడుపు మండిపోతున్న అతను గడ్డకట్టిన ముక్క ఒకటి తీసి, పైన ఉప్పూ కారం చల్లి, యంత్రం బుట్టలో పెట్టి, వేడి ఎంతవరకు పెరుగుతుందో అంతవరకు పెంచాడు. చల్లిన కారమంతా మంచు మీద నిలవక బుట్ట అడుక్కి రాలిపోయింది. ఆ కారం మాడి ఇద్దరూ దగ్గడం మొదలుపెట్టారు. ముక్క పైన నల్లబడింది. బయటికి తీసి కత్తి దించితే మధ్యలో కరకరమని ఐసు తగిలింది.

"పైన పటారం, లోన లొటారం!" అని అక్క కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వింది. నవ్వు ఆగాక కళ్లు తుడుచుకుంటూ అంది, "పోనీలే. వచ్చే నెల వెళ్తా. మాస్టరుగారికి నేను చెప్పుకుంటాలే."

అతనికి సంతోషం కలిగింది. దాచడం ఎందుకు, గుండె నిండా కలిగింది. మిగతా రెండు ముక్కలు కూడా ఇలాగే మాడిస్తే చాలు, అక్క ఎక్కడికీ వెళ్లదు. రేపు వేళకి అన్నం, ఎల్లుండి వేళకి అన్నం. పైగా తప్పు తనది కూడా కాదు, యంత్రానిది.

అక్క పక్కగదిలోకి వెళ్లి సూట్‌కేసు తెరిచింది. అతను వెనకాలే వెళ్లి గుమ్మంలో నిలబడ్డాడు. బట్టలన్నీ ఇస్త్రీ చేసి, మడత మీద మడత పెట్టి ఉన్నాయి. మధ్యలో చిన్న సబ్బుబిళ్ల కూడా పెట్టుకుంది, మంచి వాసన రావాలని. అక్క తనకోసం తను ఏదైనా అంత ముద్దుగా సర్దుకోవడం అతను ఈ వయసుదాకా చూడలేదు. ఆమె పై మడత మీద చెయ్యి వేసింది గానీ తియ్యలేకపోతోంది. ఆ చెయ్యి చూడగానే అతనికి తన సంతోషం మీద అసహ్యం వేసింది.

"తియ్యకు," అన్నాడు. "ఇంకా రెండు ముక్కలున్నాయి."

"మాడ్చడానికా?"

"వండడానికి. నువ్వు వంటింట్లోకి రాకు."

ఈసారి అతను తొందరపడలేదు. గోదాములో పెట్టెలు ఒకదానికొకటి అంటుకుపోతే కొత్తవాళ్లు సుత్తి తెస్తారు. పాతవాళ్లు కాసేపు వదిలేస్తారు. అవే విడతాయి. ఆ మాట గుర్తొచ్చి, ముక్కలు రెండూ ఎడంగా పెట్టి, ఉప్పూ కారం ఏమీ వెయ్యకుండా, వేడి బాగా తగ్గించాడు. యంత్రం సన్నగా రొద చేస్తుంటే దాని ఎదురుగా స్టూలు వేసుకుని కూర్చున్నాడు.

"తిప్పావా?" అని అక్క గుమ్మం అవతలి నుంచి అడిగింది.

"ఇంకా లేదు."

"నూనె రాశావా?"

"అక్కా, వంట నాదా నీదా?"

బుట్ట లాగి చూస్తే మంచు వదిలింది. ముక్కలు తెల్లబడి, పైన తడిగా మెరుస్తున్నాయి. తన చేతుల్లో, తన కళ్ల ముందు సరుకు కరిగింది, ఏమీ పాడవలేదు. అతనికి నవ్వొచ్చింది. ఇప్పుడు నూనె రాసి, ఉప్పు, కారం, మిరియాలపొడి పట్టించాడు. ఈసారి ముక్కకి పట్టుకున్నాయి. తిరగేసి పెట్టి వేడి పెంచాడు. కాసేపటికి ఇల్లంతా కమ్మటి వాసన కమ్ముకుంది. గుమ్మం అవతల అక్క గట్టిగా వాసన పీల్చింది.

చొక్కా జేబులోంచి గోదాము సూది తీసి, శుభ్రంగా కడిగి, ముక్క మందంగా ఉన్నచోట దించాడు. పెట్టెల చలి కొలిచే సూది అది. ఎప్పుడూ సున్నాకి దిగువనే కొట్టుకునే ముల్లు, అతను ఎన్నడూ చూడనంత పైకి పోయి నిలబడింది. అతను ముక్కల్ని వెంటనే కొయ్యకుండా, రసం లోపలే సర్దుకునేదాకా ఆగాడు.

అప్పటికి కటింగ్ మాస్టరు కారు వచ్చి వీధిలో ఆగింది. ఆయన లోపలికి రావాలో వద్దో తెలియక, గేటు దగ్గరే నిలబడి కళ్లజోడు తుడుచుకుంటున్నాడు. చొక్కా ఇస్త్రీ మడతలు కత్తిలా ఉన్నాయి.

"రండి, కూర్చోండి," అని అతను కుర్చీ చూపించి, అక్క ముందు కంచం పెట్టాడు.

అక్క ముక్క తుంచింది. లోపల తెల్లగా, మెత్తగా ఉంది, ఆవిరి వస్తోంది. నోట్లో పెట్టుకుని నమిలింది. మగవాళ్లిద్దరూ ఆమె ముఖంలోకే చూస్తున్నారు.

"ఉప్పు తగ్గింది," అంది. మళ్లీ తుంచుకుంది. ముక్క మొత్తం తినేసింది. తినడం అయ్యాక వేళ్లు కొంగుకి తుడుచుకుంది. "నీకు ఆకలేస్తే నువ్వు పెట్టుకోగలవురా," అంది.

"అదేగా చెప్తున్నా."

రెండో ముక్కలో సగం మాస్టరు తిన్నాడు. తింటూ, "బాగుంది, చాలా బాగుంది," అని అవసరం కన్నా ఎక్కువసార్లు అన్నాడు. మిగిలిన సగం దారిలో తినడానికని అక్క డబ్బాలో సర్దింది.

"మరి నీకేదిరా?"

"నాకెందుకు? నాకు వండుకోవడం వచ్చుగా."

సూట్‌కేసు అతనే మోసుకెళ్లి కారులో పెట్టాడు. అక్క అతని చొక్కా పైగుండీ సర్ది కారెక్కింది. పొద్దు ఇంకా గుంకలేదు. అతను కారు కిటికీ దగ్గరికి వంగాడు.

"బావా, మెల్లగా నడపండి," అన్నాడు. ఆ పిలుపు మొదటిసారి నోటికి వచ్చింది. కటింగ్ మాస్టరు కళ్లజోడు మళ్లీ తుడుచుకోవాల్సి వచ్చింది.

లోపలికి వచ్చాక ఇల్లు పెద్దదైనట్టు అనిపించింది. గుండె బరువుగా ఉంది, కాదనడానికి లేదు. కానీ ఆకలి కూడా వేస్తోంది. రేపు వచ్చేటప్పుడు ఇంకో ప్యాకెట్టు తెచ్చుకోవాలనుకున్నాడు. ప్రస్తుతానికి మాడిన ముక్క పైపెచ్చు చెక్కేసి, మిగిలింది బుట్టలో పెట్టి, వేడి తగ్గించి తిప్పాడు. యంత్రం రొద మొదలైంది.

గట్టు తుడుస్తుంటే చేతికి ఒక మూత తగిలింది. అల్మరా తెరిచి ఉన్న డబ్బాలన్నిటికీ పెట్టి చూశాడు. దేనికీ సరిపోలేదు. అంటే ఇది అక్క పట్టుకెళ్లిన డబ్బాది. ఆ డబ్బాకి వేరేదాని మూత పెట్టి తీసుకుపోయింది. కొత్త బావ కారు సీటు మీద ఈపాటికి నూనె కారుతూ ఉంటుంది. వంటింట్లో అక్క ఒకదాని మూత ఇంకోదానికి పెట్టడం అతను పుట్టి బుద్ధెరిగాక ఎప్పుడూ చూడలేదు. అంత తొందరగా వెళ్లాలనిపించిందన్నమాట ఆమెకి.

అతను దాన్ని సబ్బుతో కడిగి, సెలవు రోజున మర్చిపోకుండా పట్టుకెళ్లాలని కిటికీ అంచు మీద నిలబెట్టాడు. సాయంత్రపు ఎండలో ఆ నీలంరంగు మూత మీంచి నీళ్లు ఒక్కొక్క బొట్టే జారుతున్నాయి.