కవాతులో సిపాయి అన్న మాట

మా దేశం పుట్టి అప్పటికి మూడేళ్లు. రాజధాని టాలిన్‌లో జరిగిన సైనిక కవాతును సినిమా బొమ్మగా తీసి ఊరూరా చూపిస్తున్నారు. అది మా ఊరు టార్టుకు వచ్చినప్పుడు కుస్తాస్ గారి హాల్లో తెర పక్కన పియానో వాయించేది నేనే. మూగ బొమ్మ కదా, బూట్ల చప్పుడు కూడా నా వేళ్లే పలికించాలి.

మంచులో సిపాయిలు వరసలు కట్టి నడిచి వస్తారు. చివరి వరసలో మీసాలాయన ఒకడు ఉన్నట్టుండి మన వైపు తిరిగి ఏదో అంటాడు. అక్కడితో బొమ్మ తెగిపోతుంది.

ఏమన్నాడో తేల్చుకోవాలని ఊరంతా పట్టు పట్టింది.

"దేశానికి జై అన్నాడు" అని రొట్టెల కొట్టావిడ.

"ఆ మొహం చూశావా? జనరల్‌ని బూతులు తిట్టాడు" అని ఆమె మొగుడు.

ఆ ఒక్క ముక్క కోసం మళ్లీ మళ్లీ వచ్చినవాళ్లున్నారు.

నేనూ ఉండబట్టలేక మా ఆల్వీనె పిన్నిని తీసుకెళ్లాను. చిన్నప్పుడే జ్వరమొచ్చి ఆమెకు చెవులు పోయాయి. పెదవులు చూసి మాట పట్టేస్తుంది. తన గొంతు ఎంత పెద్దదో మాత్రం తనకు తెలియదు. సిపాయి నోరు విప్పగానే హాలంతా వినపడేలా చెప్పింది.

"వెనకాల గుర్రమొస్తోంది, తప్పుకోవయ్యా, అంటున్నాడే."

వసంతంలో ఆ బొమ్మ తీసిన హిండ్రెక్ కొత్త రీళ్లతో మా ఊరొచ్చాడు. ఒక భుజం కిందికి వాలి ఉంది.

"ఆ కవాతు తీస్తుంటేనే గుర్రం బెదిరి నా మీద పడిందమ్మా. ఎముక విరిగింది, కెమెరా మాత్రం దక్కింది" అన్నాడు.

"ఆ సిపాయి చెప్పాడు కదండీ" అని, పిన్ని చదివిన మాట వినిపించాను.

అతను చేతిలో రీళ్ల డబ్బా కింద పెట్టేశాడు.

"బ్యాండు మోతలో ఏం వినపడుతుంది? నన్ను వెక్కిరిస్తున్నాడనుకున్నా. ఇన్నాళ్లూ తిట్టుకుంటూనే ఉన్నా."

మర్నాడు పొద్దున్నే ఖాళీ హాల్లో పిన్నిని కూర్చోబెట్టి తన రీళ్లన్నీ వేశాడు. బిగుసుకుని నడుస్తున్నారనుకున్న సిపాయిలంతా కబుర్లలోనే ఉన్నారు. ఒకడు బూటు కరుస్తోందన్నాడు. ఇంకొకడు ఇవాళ కూడా బఠాణీ చారేనా అని అడిగాడు. పిన్ని నవ్వాపుకోలేక కొన్ని చెప్పనే లేదు.

వేసవిలో హిండ్రెక్ ఆ మీసాలాయన్ని వెతికి పట్టుకున్నాడు. వోరు అనే ఊరి దగ్గర పీపాలు చేస్తాడట.

"నేనేమన్నానో నాకేం గుర్తు?" అన్నాడట అతను. "బొమ్మలో నేనున్నానా? మా ఆవిడకు చూపించాలే."